గౌను వేసుకుని లండన్‌ను నవ్వించిన డాన్ లీనో

మగవాళ్ళు చీర కట్టుకుని వేషం వేస్తే మీకు నవ్వొస్తుందా? నిజం చెప్పాలంటే నాకు ఒళ్ళు మండుతుంది. మన సినిమాల్లో చూస్తూనే ఉంటాం కదా! హాస్యనటుడు చీర చుట్టుకుని, పెదాలకి బోలెడంత రంగు పూసుకుని, నడుం తిప్పుకుంటూ వస్తాడు. హాలంతా ఒకటే ఈలలు. ఆ నవ్వు అతన్ని చూసి కాదు, మనల్ని చూసే అనిపిస్తుంది నాకు.

అలాంటిదాన్ని, ఆమధ్య ఒక డిసెంబరులో ఇంగ్లండులో ఉన్న మా చెల్లెలింటికి వెళ్ళినప్పుడు, గౌను వేసుకున్న ఒక మగమనిషిని చూసి పొట్ట పట్టుకుని నవ్వాను. మా చెల్లెలి కొడుకు "పెద్దమ్మా, మెల్లిగా నవ్వు, అందరూ మననే చూస్తున్నారు" అంటూ నా కొంగు పట్టుకు లాగాడు. నిజానికి మా వంక చూసే తీరిక అక్కడ ఎవరికీ లేదు. వాళ్ళూ అదే పనిలో ఉన్నారు.

ఇంటికొచ్చాక ఈ వేషం కథేమిటని చెల్లెల్ని అడిగాను. "నువ్వే చదువుకో అక్కా" అని మర్నాడు లైబ్రరీ నుంచి రెండు పుస్తకాలు తెచ్చి పడేసింది. ఇంటర్‌తో ఆగిపోయిన నా ఇంగ్లీషుతో, పక్కన డిక్షనరీ పెట్టుకుని, పొద్దుటి వంటకీ రాత్రి వంటకీ మధ్య కూచుని చదివాను. అందులో దొరికిన మనిషే డాన్ లీనో. ఆయన పోయి 120 ఏళ్ళు దాటిపోయింది. అయినా ఆయన సంగతి మీకు చెప్పకుండా ఉండబుద్ధి కావడం లేదు.

మూగ నాటకం కాదు, గోల నాటకం

పాంటోమైమ్ అనగానే నోరు మెదపకుండా చేతులు తిప్పే మూకాభినయం అనుకునేరు. నేనూ అలా అనుకునే వెళ్ళాను. బ్రిటన్‌లో ఆ మాటకి అర్థమే వేరు. క్రిస్మస్ రోజుల్లో ఇంటిల్లిపాదీ పిల్లాజెల్లాతో కలిసి వెళ్ళి చూసే నాటకం అది. వాళ్ళు ముద్దుగా 'పాంటో' అంటారు. సిండ్రెల్లా, అల్లాఉద్దీన్, చిక్కుడు తీగ ఎక్కి రాక్షసుడి ఇంటికి వెళ్ళిన జాక్... కథలన్నీ అందరికీ తెలిసినవే. వాటిలో పాటలు, డాన్సులు, ఆ ఏడాది రాజకీయాల మీద నాలుగు చురకలు. దుర్మార్గుడు రంగం మీదికి రాగానే హాలంతా "బూ" అని గోల చెయ్యాలి. దెయ్యం వెనకనుంచి వస్తుంటే "నీ వెనకాలే ఉంది, నీ వెనకాలే" అని పిల్లలు గొంతు చించుకోవాలి. అరవకపోతే నటులే ఊరుకోరు, మళ్ళీ అడిగి మరీ అరిపిస్తారు. మా వాడికి మర్నాడు గొంతు పోయింది, మిరియాల పాలు కాచి ఇవ్వాల్సొచ్చింది.

వేషాలూ తలకిందులే. యువరాజు వేషం ఆడపిల్ల వెయ్యడం ఆనవాయితీ. కథానాయకుడి తల్లి వేషం మాత్రం మగవాడిది. ఆ వేషాన్ని 'డేమ్' అంటారు. మేము చూసింది అల్లాఉద్దీన్. అందులో తల్లి పేరు విడో ట్వాంకీ. బట్టలుతికి బతికే బీద విధవరాలు. ట్వాంకీ అనేది ఒకప్పుడు చైనా నుంచి వచ్చిన చవకరకం టీ ఆకు పేరట! 1861లో హెచ్.జె. బైరన్ అనే రచయిత తన నాటకంలో ఈ పేరు పెట్టాడు. మనం 'టీపొడి తాయారమ్మ' అని పెట్టినట్టన్నమాట.

ఈ టీపొడి తాయారమ్మ నెత్తిన ఇంతెత్తు జుట్టు, కాళ్ళకి చారల మేజోళ్ళు వేసుకుని వచ్చి, ఇంటద్దె కట్టలేదనీ, కొడుకు పని దొరక్క ఊరు పట్టుకు తిరుగుతున్నాడనీ మాతో మొరపెట్టుకుంది. లాండ్రీలో సబ్బు నురగ మోకాళ్ళ దాకా వచ్చింది. బట్టలు పిండే మిషన్లో పోలీసు ఒకడు పడి, అట్టముక్కలా పల్చబడి అవతలి వైపు బయటికొచ్చాడు. నవ్వక ఏం చేస్తాం చెప్పండి?

ఒక్క సంగతి మాత్రం గమనించాను. ఆ నటుడు తాను మగవాణ్ణన్న సంగతి దాచుకోలేదు. గొంతు మగగొంతే, పిక్కలు మగపిక్కలే. మన స్థానం నరసింహారావుగారు సత్యభామగా వచ్చినా, వేదాంతం సత్యనారాయణ శర్మగారు జడ పట్టుకుని నిలబడినా, ఆయన మగవాడన్న మాట చూసేవాళ్ళు మరచిపోవాలి. అదీ వాళ్ళ గొప్ప. ఇక్కడ పద్ధతి వేరు, మరచిపోకూడదు. మరి అలాంటప్పుడు మన సినిమా చీరవేషం చూసి మండే నా ఒళ్ళు ఇక్కడెందుకు మండలేదు? ఆ ప్రశ్న నన్ను వదల్లేదు. లీనో కథ చదివాకే నాకు కొంత తెలిసింది.

నాలుగో ఏటే వేదిక ఎక్కిన పిల్లవాడు

అసలు పేరు జార్జ్ గాల్విన్. 1860 డిసెంబర్ 20న లండన్ సెయింట్ పాంక్రాస్ పేటలో పుట్టాడు. వాళ్ళు కాపురమున్న ఇల్లు తర్వాత రైల్వేస్టేషన్ కట్టడానికి పడగొట్టేశారు. అమ్మానాన్నలిద్దరూ మ్యూజిక్ హాళ్ళలో పాడి ఆడేవాళ్ళు. మ్యూజిక్ హాలంటే మన త్యాగరాజ గానసభ లాంటిది అనుకోకండి. ఒకపక్క జనం తింటూ తాగుతూ ఉంటారు, ఇంకోపక్క ఒకరి తర్వాత ఒకరు వచ్చి పాటో, డాన్సో, గారడీయో చేసి పోతూ ఉంటారు. నచ్చితే చప్పట్లు, నచ్చకపోతే కేకలు.

అలాంటి చోట నాలుగో ఏటే ఈ పిల్లవాణ్ణి ఎక్కించారు. ఒళ్ళు రబ్బరులా వంచి చూపించడం వాడి వంతు. 1864లో, వాడు వేదిక ఎక్కిన ఆ ఏడాదే, తండ్రి చనిపోయాడు. తల్లి లూయిసా ఏడుస్తూ కూచుంటే పూట గడవదు కదా. ముఖానికి రంగు పూసుకుని మళ్ళీ వేదిక ఎక్కింది. రెండేళ్ళకి ఇంకో కళాకారుణ్ణి పెళ్ళి చేసుకుంది. ఆయన వేదిక మీద పెట్టుకున్న పేరు లీనో. అలా మన జార్జి కాస్తా లీనో అయ్యాడు. ముందున్న 'డాన్' తర్వాత వచ్చి చేరింది.

ఈ రోజు లివర్‌పూల్, రేపు ఐర్లండ్. బెల్‌ఫాస్ట్‌లో ఒకసారి రచయిత చార్లెస్ డికెన్స్ తన ఆట చూసి పైకొస్తావని దీవించాడని లీనో పెద్దయ్యాక చెప్పుకునేవాడట.

ఉత్తర ఇంగ్లండులో నూలు మిల్లుల పనివాళ్ళు చెక్క అడుగున్న బూట్లు తొడిగేవారు. మగ్గాల చప్పుడుకి తగ్గట్టుగా ఆ బూట్లని నేలకేసి టకటకలాడించడంలోంచి క్లాగ్ డాన్స్ పుట్టిందంటారు. ఆ డాన్సులో లీనో ఆరితేరాడు. 1880లో లీడ్స్ పట్టణంలో జరిగిన ప్రపంచ పోటీలో గెలిచి బంగారం, వెండి కలిపి చేసిన బెల్టు సంపాదించాడు. అప్పటికి ఇరవయ్యేళ్ళు కూడా నిండలేదు. 1884లో లిడియా రేనాల్డ్స్‌ని పెళ్ళి చేసుకున్నాడు. ఆవిడా వేదిక మీద పాడే మనిషే. వాళ్ళకి మొత్తం ఆరుగురు పిల్లలు.

1885 అక్టోబర్‌లో తూర్పు లండన్‌లోని ఫారెస్టర్స్ హాల్లో అవకాశం దొరికింది. జీతం వారానికి 5 పౌన్లు. ప్రపంచ చాంపియన్‌నని ఎంతో ఆశతో వెళ్ళాడు. తీరా చూస్తే ఆ చెక్కబూట్ల డాన్సు లండన్ వాళ్ళకి అంతగా ఎక్కలేదు. వాళ్ళకి నచ్చింది వేరే. కవలపిల్లలకి పాలు కొనడానికి బయల్దేరిన ఆడమనిషి వేషంలో ఆయన పాడిన హాస్యపు పాట! మన వంటింట్లోనూ ఇంతే కదండీ. పొద్దుటినుంచీ ఒళ్ళు హూనం చేసుకుని వండిన గుత్తివంకాయ అలాగే మిగిలిపోతుంది, ఆఖరి నిమిషంలో రోట్లో వేసి నూరిన పచ్చడి గిన్నె ఖాళీ అయిపోతుంది.

లీనో తెలివైనవాడు. జనం ఏ గిన్నె ఖాళీ చేశారో చూసుకున్నాడు. బూట్ల డాన్సు క్రమంగా తగ్గింది. కబుర్లు పెరిగాయి. 1886 క్రిస్మస్‌కి సర్రే థియేటర్ వాళ్ళు 'జాక్ అండ్ ది బీన్‌స్టాక్'లో జాక్ తల్లి వేషం ఇచ్చారు. ఆ సంగతి డ్రూరీ లేన్ థియేటర్ నడిపే ఆగస్టస్ హారిస్ చెవిన పడింది. లండన్‌లో పాంటోలకి డ్రూరీ లేన్‌ని మించిన చోటు లేదు. వందలమంది నటులు, తళతళలాడే దుస్తుల ఊరేగింపులు, కళ్ళు చెదిరే సెట్టింగులు. హారిస్ 1888లో లీనోని తీసుకున్నాడు. అప్పట్నుంచి 1904 దాకా ఒక్క క్రిస్మస్ కూడా తప్పకుండా లీనో అక్కడే.

అక్కడ ఆయనకి జత హెర్బర్ట్ కాంప్‌బెల్. ఈయన బక్కగా పొట్టిగా ఉంటే ఆయన ఏనుగంత మనిషి. 1897లో అడవిలో తప్పిపోయిన చంటిపిల్లలుగా వీళ్ళిద్దరూ వేషాలు వేశారు. ఆ ఫొటో చూశాను. నలభైకి దగ్గరపడ్డ ఒకాయన, యాభై దాటిన ఇంకొకాయన, గౌనూ పొట్టి లాగూ వేసుకుని అమాయకంగా నిలబడ్డారు. ఫొటో చూస్తేనే నవ్వాగలేదు, ఆట చూసినవాళ్ళు ఏమైపోయారో!

మిసెస్ కెల్లీ ఎవరంటే...

డేమ్ వేషం లీనో కనిపెట్టింది కాదు. ఆయనకి చాలాముందు, 1800ల మొదట్లోనే గ్రిమాల్డీ అనే మహా విదూషకుడు కూడా ఆడవేషాలు వేశాడు. అయితే లీనో ఏం చేశాడంటే, ఆ వేషానికి ఒక ఇల్లూ వాకిలీ ఇచ్చాడు. తళుకుల ఊరేగింపు అంతా అయిపోయాక, అంత పెద్ద రంగం మీదికి భుజాన శాలువా, నెత్తిన చిన్న కొప్పు, కాళ్ళకి అరిగిన బూట్లతో ఒక బక్కపలచని మనిషి వస్తుంది. ఇంటద్దె, పిల్లలు, తాగొచ్చే మొగుడు, పక్కింటావిడ. ఇవే ఆవిడ లోకం. హాల్లో కూచున్న వేలమందిని పెరటి గోడ అవతల నిలబడ్డ ఒక్క మనిషి అనుకుని వాళ్ళతో చెప్పుకుపోతుంది.

నాటకం రాసేవాళ్ళు వేరే ఉండేవారు. పాటలకీ హెర్బర్ట్ డార్న్‌లీ లాంటి రచయితలు ఉన్నారు. కానీ పాటకీ పాటకీ మధ్య ఆపి చెప్పే సొద మాత్రం ఎక్కువభాగం ఆయన సొంతం. ఆ సొదకోసమే జనం వెళ్ళేవారు. వీధిలో, దుకాణంలో, రైల్లో మనుషులు ఎలా మాట్లాడతారో చెవులు రిక్కించి వినేవాడట. ఎవరికీ ఏదీ అమ్మలేని బట్టలకొట్టు గుమాస్తా, కోట చూపించడానికి వచ్చి ఫలహారశాల చూపించే గైడు, ఇలా మగవేషాలూ చాలా కట్టాడు.

ఆయన కబుర్లలో బాగా పేరుబడ్డది మిసెస్ కెల్లీ కథ. ఇంట్లో ఏదో గొడవ జరిగింది, దానికంతటికీ కారణం మిసెస్ కెల్లీ అని మొదలుపెడుతుంది ఆవిడ. ఆ మిసెస్ కెల్లీ మీకు తెలియకపోవడమేమిటని మధ్యలో మననే నిలదీస్తుంది. తెలియదని మొహం పెడితే ఆశ్చర్యపోతుంది. ఆవిడ ఎలా ఉంటుందో, ఎక్కడుంటుందో, ఎవరి చుట్టమో గుర్తు చెయ్యడానికి ఒక్కో వాక్యం మొదలుపెడుతుంది, ఏదీ పూర్తి చెయ్యదు. అసలు గొడవ అలాగే ఉండిపోతుంది.

చదువుతూ చదువుతూ పుస్తకం మూసి నవ్వుకున్నాను. ఎందుకంటారా? మా ఇంట్లో రోజూ జరిగేదే ఇది. "ఇవాళ కూరల బండి దగ్గర ఎవరు కనపడ్డారో తెలుసా" అని నేను మొదలుపెడతాను. ఎవరంటే, మన పాత ఇంటి వెనక వాటాలో ఉండేవాళ్ళు, అదేనండీ వాళ్ళమ్మాయికి గుడివాడ సంబంధం చేశారు, ఆ పెళ్ళిలో పులిహోర చాలక... అక్కడికి వచ్చేసరికి మావారు పేపరు మడిచి "అసలు సంగతి చెప్పు" అంటారు. పెళ్ళయి ఇరవై నాలుగేళ్ళయింది, ఆ మాట ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. ఆయనకి తెలియనిదేమిటంటే, అదే అసలు సంగతి. గుడివాడ, పులిహోర, వెనక వాటా, అన్నీ కలిపితేనే ఆ మనిషి. ఆ సంగతి లీనోకి తెలుసు. తెలుసు కాబట్టే ఆ కబుర్లని మధ్యలో ఆపించకుండా, లండన్‌లోకెల్లా పెద్ద వేదిక ఎక్కించి, డబ్బు పెట్టి టిక్కెట్టు కొనుక్కున్న మగవాళ్ళచేత చివరిదాకా వినిపించాడు.

అన్నట్టు ఇక్కడ మా అమ్మ సంగతి ఒకటి చెప్పాలి. మా నాన్నగారు పోయేనాటికి మేం నలుగురం చిన్నపిల్లలం. అమ్మ కుట్టుమిషను తొక్కి సాకింది. పప్పు లేని రోజున ఉత్త చారు వడ్డిస్తూ, "ఇవాళ చారులో ఒకే ఒక్క కందిపప్పు బద్ద వేశాను, అది ఎవరి కంచంలోకి వస్తే వాళ్ళకి పరీక్షలో ఫస్టు మార్కు" అనేది. మేం పోటీలు పడి కంచాలు గాలించేవాళ్ళం. అందులో బద్దే లేదని నాకు పెళ్ళయ్యాకగానీ తెలియలేదు. అమ్మని చూసి బయటివాళ్ళు నవ్వితే మాకు గుండె రగిలిపోయేది. అమ్మతో కలిసి మాత్రం రోజూ నవ్వేవాళ్ళం. మన సినిమా చీరవేషం మొదటి రకం నవ్వు. లీనో డేమ్ రెండో రకం. ఆయన తల్లీ కొన్నాళ్ళు విధవరాలిగా బతికినావిడే కదా. ఈ మాట పుస్తకంలో లేదు, నాకు తోచింది రాస్తున్నాను.

బంగారు గుడ్ల బాతు

1902 క్రిస్మస్‌కి డ్రూరీ లేన్‌లో 'మదర్ గూస్' వేశారు. జె. హికరీ వుడ్ అనే రచయిత లీనోకని కొలిచి కుట్టినట్టు రాసిన నాటకం అది. (మన స్థానంవారు బాపట్లలో పుట్టింది కూడా ఆ ఏడాదే!) మదర్ గూస్ ఒక బీద, అందవికారపు ముసలావిడ. ఉన్నదాంట్లో సంతోషంగా ఉంటుంది. మనుషులకి డబ్బొస్తే బుద్ధి మారుతుందా లేదా అని మంచి దేవతకీ చెడ్డ దేవతకీ పందెం. ఆవిడకి బంగారు గుడ్లు పెట్టే బాతు దొరుకుతుంది. డబ్బొస్తుంది. అది చాలదు, అందం కావాలంటుంది. మాయ కొలనులో మునిగి పడుచుదై లేస్తుంది. బాతు పోతుంది, ఉన్న సుఖమూ పోతుంది.

వయసు తిరిగి రావాలని అనిపించని ఆడది ఎవరండీ? జుట్టుకి రంగు వేసుకునే రోజున నాకు ఆ కొలనే గుర్తొస్తోంది ఈమధ్య. మిగతా నాటకాల్లో డేమ్ ఎవరికో తల్లి, పక్కవేషం. ఇందులో కథంతా ఆవిడదే. పేదరాలు, కొత్త డబ్బు చూసి మిడిసిపడే మనిషి, పడుచుపిల్లలా మెలికలు తిరిగే ముసలమ్మ, చివరికి అన్నీ పోగొట్టుకుని చేతులు నులుముకునే తల్లి, ఇన్ని రకాలుగా ఒక్క మనిషే కనిపించాలి. డేమ్ వేషం వేసేవాళ్ళు ఇప్పటికీ దీన్నే గట్టి పరీక్షగా చూస్తారు. 2022 డిసెంబరులో సర్ ఇయాన్ మెకెలెన్ అంతటి నటుడు, 83 ఏళ్ళ వయసులో, గౌను తొడిగి మదర్ గూస్ వేషం కట్టి ఊరూరా తిరిగాడు.

దానికి ముందు ఏడాది, 1901 నవంబర్‌లో, సాండ్రింగ్‌హామ్ భవనానికి పిలిపించుకుని ఏడవ ఎడ్వర్డ్ రాజు లీనో చేత ఆడించుకున్నాడు. రత్నాలు పొదిగిన టై పిన్ను బహూకరించాడు. అప్పట్నుంచి పత్రికలవాళ్ళు 'రాజుగారి విదూషకుడు' అనడం మొదలుపెట్టారు. అంతకుముందే 1898లో ఆయన పేరుతో బొమ్మల పత్రిక వచ్చింది, 1899లో ఆయన పేరు మీద నవ్వుల ఆత్మకథ వెలువడింది. క్లాపమ్ పార్కులో పెద్ద ఇల్లు, పెరట్లో కోళ్ళు, క్యాబేజీ, బంగాళాదుంపలు. డబ్బు బాగా వచ్చేది, అంతే బాగా పోయేది కూడా. కష్టంలో ఉన్న తోటి కళాకారులకోసం పెట్టిన నిధులకీ సంఘాలకీ ముందుండేవాడు.

గడియారం అడిగిన ప్రశ్న

ఇంతవరకూ రాయడానికి హాయిగానే ఉంది. ఇక్కడ్నుంచి కలం కదలడం లేదు.

పాంటో రోజుల్లో పగలొక ఆట, రాత్రొక ఆట. మిగతా రోజుల్లో ఒక్క రాత్రిలోనే మూడు నాలుగు హాళ్ళు. ఒక చోట పాట ముగించి, బండెక్కి పరుగెత్తి ఇంకో చోట మొదలుపెట్టాలి. నాలుగో ఏట మొదలైన పరుగు నలభై దాటినా ఆగలేదు. తాగుడు పెరిగింది. చెవులు సరిగా వినపడకుండా పోయాయి. మనుషుల మాటలు విని బతికిన మనిషికి చెవుడు రావడం చూడండి! ఆయనతో కలిసి ఆడిన గాయని మేరీ లాయిడ్ ఒక మాట అన్నదట, ఆయన కళ్ళంత దిగులు కళ్ళు లోకంలో ఇంకెవరికీ లేవు, అందుకే నవ్వేవాళ్ళం, లేకపోతే ఏడవాల్సి వచ్చేది అని.

ఇక నవ్వించింది చాలు, షేక్‌స్పియర్ నాటకాల్లో గంభీరమైన వేషాలు వెయ్యాలని పట్టుకుంది ఆయనకి. ఒకరోజు వేళకాని వేళ కాన్‌స్టన్స్ కాలియర్ అనే నటి ఇంటికి వెళ్ళి, మనిద్దరం కలిసి వేద్దామన్నాడు. మొదట వేళాకోళం అనుకున్న ఆవిడకి, కాసేపటికి గానీ ఆ మనిషి నిజంగానే అడుగుతున్నాడని తెలియలేదు. ఆవిడే తర్వాత ఈ సంగతి రాసుకుంది.

1903లో మతి చెదిరి కాంబర్‌వెల్‌లోని మానసిక చికిత్సాలయంలో చేరాడు. అక్కడ గోడ గడియారం చూసి, అది తప్పు చూపిస్తోందని నర్సుతో అన్నాడట. కాదు, సరిగానే నడుస్తోంది అన్నది నర్సు. "సరిగా ఉంటే మరి ఇక్కడెందుకుంది?" అన్నాడట లీనో. ఈ మాట చదివి నవ్వాను. నవ్విన మరుక్షణం గొంతుకేదో అడ్డం పడ్డట్టయింది. ఆ మనిషి ఆ స్థితిలో కూడా తన పని తాను చేస్తూనే ఉన్నాడు.

కొన్ని నెలలకి కోలుకున్నాడు. ఆ క్రిస్మస్‌కి 'హంప్టీ డంప్టీ'లో రాణి వేషం వేశాడు. వస్తాడో రాడో, మాటలు గుర్తుంటాయో లేదో అని భయపడుతూ కూచున్న జనం, ఆయన రంగం మీదికి రాగానే లేచి నిలబడి నిమిషాల తరబడి చప్పట్లు కొడుతూనే ఉన్నారట. పక్కన కాంప్‌బెల్ కళ్ళ నీళ్ళు పెట్టుకున్నాడంటారు. 1904 జులైలో ఆ కాంప్‌బెల్ హఠాత్తుగా పోయాడు. పదిహేనేళ్ళ జత. లీనో ఆ దెబ్బకి తేరుకోలేదు. అక్టోబర్ 20న లండన్ పెవిలియన్‌లో ఆఖరుసారి ఆడాడు. అక్టోబర్ 31న ఇంట్లోనే కన్నుమూశాడు. 43 ఏళ్ళు.

శవయాత్ర సాగిన దారిలో మూడు మైళ్ళ పొడవునా జనం నిలబడ్డారట. అంతమందీ ఎందుకు వచ్చారో నేను ఊహించగలను. వాళ్ళలో చాలామంది ఇంటద్దె బాకీ పడ్డవాళ్ళు, పక్కింటావిడతో మాట పట్టింపులున్నవాళ్ళు అయి ఉంటారు. లండన్ ఆకర్‌మన్ రోడ్డులో ఆయన కాపురమున్న ఇంటి గోడకి ఇప్పటికీ నీలం రంగు ఫలకం ఉంది. డ్రూరీ లేన్‌లో ఒక్కోసారి చెక్కబూట్ల టకటక వినిపిస్తుందనీ, ఆయనకిష్టమైన లావెండర్ వాసన వస్తుందనీ నటులు చెప్పుకుంటారు. దెయ్యాల్ని నేను నమ్మను గానీ, ఈ దెయ్యం ఒకవేళ ఉంటే మంచి దెయ్యమే అయి ఉంటుంది.

ఇండియాకి తిరిగొచ్చే ముందురోజు రాత్రి, సూట్‌కేసులు సర్దుతుంటే మా చెల్లెలి కొడుకు వచ్చి, "పెద్దమ్మా, నీ డాన్ లీనో గొంతు వింటావా?" అన్నాడు. 1901 నుంచి 1903 మధ్య ఆయన కబుర్లు, పాటలు ముప్ఫై దాకా గ్రామఫోను రికార్డులుగా ఇచ్చాడు. వాటిల్లోంచి మిసెస్ కెల్లీ వెతికి ఫోనులో పెట్టాడు. ఆవకాయ పోపులో ఆవాలు చిటపటలాడినట్టు ఒకటే గరగర. ఆ గరగర వెనకనుంచి ఒక గొంతు, గబగబా, ఊపిరి తీసుకోకుండా, ఏదో ముంచుకుపోతున్నట్టు. సగం మాటలు నాకు అందలేదు. మా చెల్లెలు మంచం మీద కూచుని తెలుగులో చెబుతూ వచ్చింది. మధ్యమధ్య తనకీ నవ్వాగక ఆగిపోయేది. రెండుసార్లు పెట్టించుకుని విన్నాం. ఆ గొడవలో మిసెస్ కెల్లీ చేసిందేమిటో మా ఇద్దరికీ ఇప్పటికీ తెలియదు.